గేమ్‌లో నీళ్ళు నిజంగానే ఉన్నాయి, ఊరే మనది కాదంట

కావలి_కోడర్
మేం నలుగురం బీటెక్ ఫ్రెండ్స్ కలిసి ఎనిమిది నెలలుగా ఒక గేమ్ చేస్తున్నాం. కథ చిన్నదే. ఒక కుర్రాడు తెల్లారుజామున టీవీఎస్ బండి మీద ఐసు పెట్టెలేసుకుని సముద్రం ఒడ్డుకు పోవాలి. పడవలు రాగానే చేపలు ఎత్తుకుని ఎండ ఎక్కేలోపు మార్కెట్‌కు చేర్చాలి. ఐసు కరిగేకొద్దీ రేటు పడిపోతుంది. అంతే. తుమ్మలపెంట దగ్గరుండే పల్లెపాలెం లాంటి ఊరు పెట్టుకున్నాం.

గేమ్‌లు చేసే అన్‌రియల్ ఇంజిన్ అనే సాఫ్ట్‌వేర్‌లో చేస్తున్నాం. టెక్స్చర్లన్నీ, అంటే వస్తువుల మీద అంటించే బొమ్మలన్నీ, 4కే, బాగా సన్నటి వివరం ఉన్నవి. చెట్లు, ఇసుక, పడవలు రెడీమేడ్‌వి కొన్ని ఫ్రీగా, కొన్ని డబ్బులు పెట్టి తెచ్చాం. నీళ్ళ మీద వెలుతురు పడితే నాకే ఒళ్ళు పులకరించేది. లాప్‌టాప్ మాత్రం మిక్సీ లాగా అరుస్తుంది.

మొన్న ఆదివారం మా మామకు చూపించా. ముప్పై ఏళ్ళుగా వేటకు పోతున్న మనిషి. రెండు నిమిషాలు కన్నార్పకుండా చూసి, "బాగుంది అల్లుడా. ఇదేంది, గోవానా?" అన్నాడు.

అప్పట్నుంచి మనసు మనసులో లేదు. ఎక్కడ తప్పు చేశాం? స్క్రీన్‌షాట్లు నాలుగు పెడుతున్నా. మొహమాటం లేకుండా చెప్పండి.

చేపలపులుసు_ఫస్ట్
మొహమాటం లేకుండా చెప్తున్నా, ఆ లాప్‌టాప్ పక్కన పెట్టుకుని పడుకోవద్దు.

ఒంగోలుగిత్త99
నాకైతే అదిరిపోయింది. మీ మామ గేమ్‌లు ఆడే మనిషి కాదు. ఆయనన్న ఒక్క మాట పట్టుకుని ఎనిమిది నెలల పని చెడగొట్టుకోవద్దు. జనం ముందు చూసేది గ్రాఫిక్సే. ట్రైలర్ రాగానే ఫోన్లో జూమ్ చేసి హీరో మొహం మీద చెమట చుక్క ఉందా లేదా అని చూసే రోజులివి.

బొమ్మలగది
నాది ఒంగోలు. హైదరాబాద్‌లో ఒక స్టూడియోలో పదకొండేళ్ళుగా బయటి దేశాల గేమ్‌లకు చెట్లూ రాళ్ళూ చేసిపెడుతున్నా. మీ మామ చెప్పింది నూటికి నూరుపాళ్ళు నిజం.

రెండో స్క్రీన్‌షాట్ మళ్ళీ చూడు. కొబ్బరి చెట్లు నీళ్ళ మీదకు వంగి ఉన్నాయి. మైపాడు నుంచి రామాయపట్నం దాకా ఒడ్డెంబడి నడిచి చూడు, నీ కళ్ళకు ముందు తగిలేది సరుగుడు తోపులు, వాటి వెనక తాటిచెట్లు. ఇసుక పంచదార లాగా పెట్టావు. మన ఇసుక ఆ రంగా? పడవకు తెల్ల తెరచాప కట్టావు. ఫైబర్ పడవ, దాని వెనక పొడుగు తోక మోటారు ఏవి? ఒడ్డున ఒక వల కుప్ప లేదు, ఒక కుక్క లేదు, ఆరేసిన చేప లేదు.

నిజంలా ఉండే బొమ్మతో చిక్కేంటంటే, అది ఏదో ఒక చోటి నిజం. ఆ చెట్టును ఎక్కడో ఫోటోలు తీసి చేశారు, అది ఆ చోటి చెట్టే. ఎంత బాగా చేస్తే అంత ఎక్కువగా అక్కడిదే అవుతుంది. అదే చేత్తో గీసిన చెట్టయితే నువ్వు ఏ ఊరిదంటే ఆ ఊరిది. నలుగురు మనుషులకు, మిక్సీ లాప్‌టాప్‌కు, నా సలహా అయితే గీసుకోమనే.

ఒంగోలుగిత్త99
@బొమ్మలగది అన్నా, అట్లయితే బ్లాక్ మిత్ వూకాంగ్ సంగతేంటి? 2024లో వచ్చింది. చైనాలో ఉన్న నిజం గుళ్ళు, శిల్పాలు స్కాన్ చేసి పెట్టారు. షాన్‌షీ అనే రాష్ట్రానికి ఆ గేమ్ చూసి జనం ఎగబడ్డారు. అది రియలిజమే కదా, వాళ్ళ ఊరు వాళ్ళకు కనపడింది కదా. మనోళ్ళు కూడా ఉదయగిరి కోట స్కాన్ చేసి పెడితే సరి.

బొమ్మలగది
నేనన్నదీ అదే కదయ్యా. వాళ్ళ గుడి వాళ్ళు స్కాన్ చేసుకున్నారు, మనోడు ఎవరిదో బీచ్ తెచ్చుకున్నాడు. పైగా అక్కడ వందమందికి పైగా ఏళ్ళ తరబడి కూర్చున్నారు. ఇక్కడ నలుగురున్నారు, అందులో ఒకడికి సప్లిమెంటరీ కూడా ఉండే ఉంటుంది.

కావలి_కోడర్
ఇద్దరికి.

కోటమీద_కోతి
ఉదయగిరి అన్నారు కాబట్టి నా గోడు చెప్తా. పోయినేడు ఫోన్‌తో అక్కడొక పాత గోడ స్కాన్ చేద్దామని కొండెక్కా. చుట్టూ తిరిగి మూడొందల ఫోటోలు తీశా. ఇంటికొచ్చి సాఫ్ట్‌వేర్‌లో వేస్తే గోడ వచ్చింది, గోడ మీద సగం కోతి కూడా వచ్చింది. తోక మూడు చోట్ల ఉంది. ఇంకో తలనొప్పి, పది గంటల ఎండలో మొదలుపెట్టి పన్నెండు దాకా తీశా కదా, నీడలన్నీ గోడకే అతుక్కుపోయాయి. గేమ్‌లో సూర్యుణ్ణి ఎటు తిప్పినా ఆ నీడ కదలదు. స్కాన్ చేయాలనుకునేవాళ్ళు మబ్బు పట్టిన రోజు చూసుకుని పోండి. కోతులకు అరటిపళ్ళు వేరే చోట పడేయండి.

చేపలపులుసు_ఫస్ట్
మూడు తోకల కోతి అంటే అది లెవెల్ చివర పెద్ద విలన్‌తో బాస్ ఫైటే కదా. పనికొచ్చేది పారేసుకున్నావు.

కాసెట్_కాలం
మీరంతా 4కే అంటుంటే నవ్వొస్తుంది. మేం నెల్లూరులో పసుపు రంగు కాసెట్ పెట్టి టీవీలో ఆడినోళ్ళం. కాసెట్ పైన లక్షల గేమ్‌లని రాసుంటుంది, లోపల పది ఉంటాయి, మిగతావన్నీ అవే మళ్ళీ. ఆడకపోతే కాసెట్‌లోకి ఉఫ్‌మని ఊదేవాళ్ళం.

మారియోకు మీసం ఎందుకు పెట్టారో తెలుసా? 1981లో డాంకీ కాంగ్ చేసేటప్పుడు ఉన్న నాలుగు చుక్కల్లో నోరు గీయడానికి కుదర్లేదు. మీసం పెడితే ముక్కు తెలుస్తుంది, నోటి పని తప్పుతుంది. జుట్టు కదిలించడం కష్టమని టోపీ పెట్టారు. అంటే దిక్కులేక పెట్టిన మీసం నలభై ఏళ్ళుగా ప్రపంచమంతా గుర్తుపడుతోంది. 1985 సూపర్ మారియోలో మబ్బు, కింద పొద, రెండూ ఒకటే బొమ్మ. తెలుపేస్తే మబ్బు, పచ్చేస్తే పొద. చిన్నప్పుడు అన్ని వందల గంటలు ఆడా, ఒక్కరోజు కూడా కనిపెట్టలేదు. పొద పొదలాగే కనపడింది.

ఇప్పుడు ఆ గేమ్‌లే పెద్ద టీవీలో పెడితే చుక్కలు చుక్కలుగా ఇటుకలు పేర్చినట్టుంటాయి. పాత డబ్బా టీవీలో ఆ చుక్కలు ఒకదాంట్లోకి ఒకటి కరిగిపోయేవి. గీసినోడు ఆ కరగడాన్ని లెక్కేసుకునే గీశాడు. మా పెద్దోడికి చెప్తే "నాన్నా, నీకు చత్వారం వచ్చింది" అంటాడు.

మార్కాపురం_పలక
పలక మీద బలపంతో గీసినోళ్ళం, మాకు చుక్కలే ఎక్కువ.

సూటిగా_చెప్తా
పాతవన్నీ గొప్ప అనే వరసలో పోతోంది థ్రెడ్. పాత గేమ్‌లలో చెత్త కూడా బోలెడు. అవి ఎవరికీ గుర్తులేవు, అంతే.

కేతిగాడు
@కాసెట్_కాలం అన్న చెప్పిన మీసం దగ్గర్నుంచి నాకో మాట తట్టింది. కొంచెం పెద్దదే, ఓపిక పట్టండి.

చిన్నప్పుడు మా ఊళ్ళో, కనిగిరి పక్కన, తోలుబొమ్మలాట వచ్చేది. తెల్లపంచె బిగించి వెనక దీపం పెట్టేవాళ్ళు. నేనొకసారి పంచె వెనక్కి పోయి చూశా. బొమ్మ చేతిలోకి తీసుకుంటే అట్లకాడ మీద ఎండిన దోసె లాగా గట్టిగా ఉంది. మేక తోలు, పలచగా గీకి రంగులేశారు. నగలున్న చోట రంగు లేదు, వరసగా సన్న సన్న చిల్లులున్నాయి. ఇవేంది చిల్లులు, పాడైపోయిందా అనుకున్నా. మళ్ళీ ముందుకొచ్చి కూర్చుంటే ఆ చిల్లుల్లోంచే దీపం వచ్చి, మెడలో హారం ధగధగమంటోంది. నగ గీయలేదు వాళ్ళు, నగ ఉండాల్సిన చోట తోలు తీసేశారు.

ఇంకొకటి. చివరి వరసలో కూర్చున్న ముసలామెకు కూడా వచ్చింది రావణుడా, హనుమంతుడా, నవ్వించే బంగారక్కా అన్నది నోరు తెరవకముందే తెలుస్తుంది. నీడ ఆకారం చాలు. 2007లో వచ్చిన టీమ్ ఫోర్ట్రెస్ 2 వాళ్ళు చేసింది అచ్చం ఇదే. తొమ్మిది రకాల మనుషులు, దూరం నుంచి నల్లటి నీడగా చూసినా ఎవడు ఎవడో తెలియాలని పట్టుబట్టి గీశారు. ఒకడు కొండలా ఉంటాడు, ఒకడు కట్టెపుల్లలా ఉంటాడు. మొదట్లో ఆ గేమ్ మామూలు మిలిటరీ బట్టలతో, రియలిస్టిక్‌గా అనుకున్నదే. తర్వాత పాత అమెరికా పత్రికల బొమ్మల తీరుకు మార్చుకున్నారు. అది ఇప్పటికీ ముసలిదవలేదు.

పనికొచ్చే ముక్క ఏంటంటే, ఇప్పుడు 2డి గేమ్‌లలో చెయ్యి ఒక ముక్క, మోచెయ్యి ఒక ముక్క, కాలు ఒక ముక్క గీసి కీళ్ళ దగ్గర తిప్పుతారు కదా, తోలుబొమ్మను దారంతో కుట్టి పుల్లతో ఆడించడం సరిగ్గా అదే పని. కావలి తమ్ముడూ, నీ ఐసుపెట్టెల కుర్రాణ్ణి అట్లా చేసి చూడు.

చేపలపులుసు_ఫస్ట్
దోసె పోలికకు వంద మార్కులు.

సూటిగా_చెప్తా
@కేతిగాడు రాసింది బాగుంది, కానీ నాకు భయం ఇక్కడే. రేపట్నుంచి ప్రతివాడూ మెనూకు కలంకారీ అంచు, లోడింగ్ బొమ్మకు వెంకటగిరి చీర బుటా వేసి "మన సంస్కృతి" అంటాడు. పెళ్ళి కార్డులాగా ఉంటుంది. జానపదం పూస్తే మనదైపోదు.

పుణె వాళ్ళు 2020లో రాజీ అనే గేమ్ చేశారు. అందులో కథ చెప్పే చోట నీడ బొమ్మలు వాడారు. పురాణ కథ, రాత్రి పూట చెప్పినట్టు చెప్పారు, ఆ తీరు అక్కడ కుదిరింది. చేపల బండి గేమ్‌కు తోలుబొమ్మ ఎందుకు? పగటి ఎండ, పెట్రోలు, బేరాలు ఉండే కథ అది.

కేతిగాడు
బొమ్మను తోలుబొమ్మలా గీయమనలేదు సామీ. నీడ చూసి గుర్తుపట్టేలా గీయమన్నా. చిల్లుల హారం గురించి చెప్పింది కూడా అందుకే. అన్నీ గీయక్కర్లేదు, కొన్ని తీసేస్తే చాలని.

సూటిగా_చెప్తా
అట్లా చెప్తే ఒప్పుకుంటా. మొదటి పోస్టులో బంగారక్క వచ్చేసరికి భయపడ్డా.

గడపపసుపు
ఇంకో గొడవ తెస్తున్నా, తిట్టుకోవద్దు. గేమ్‌లలో ఎక్కాల్సిన నిచ్చెనకీ పగలగొట్టాల్సిన పెట్టెకీ పసుపు పెయింట్ పూస్తారు చూడండి. 2023 రెసిడెంట్ ఈవిల్ 4లో అంతా అదే. అంత కష్టపడి నిజంలా ఊరు కట్టి, మళ్ళీ పసుపు డబ్బా పట్టుకుని ఎవడు తిరిగాడక్కడ?

ఒంగోలుగిత్త99
అది లేకపోతే ఎటు పోవాలో తెలీక అరగంట గోడకు తల కొట్టుకుంటాం. అనుభవం మీద చెప్తున్నా.

బొమ్మలగది
నిజంలా చేయడం వల్ల వచ్చిన రోగమే అది. అన్ని వస్తువులూ సమానంగా వివరంగా ఉంటే ఏది వాడొచ్చో కంటికి తెలీదు. మిర్రర్స్ ఎడ్జ్ 2008లో ఊరంతా తెల్లగా ఉంచి, దారి ఒక్కటే ఎర్రగా పెట్టింది. అక్కడ ఎవరూ తిట్టలేదు, ఎందుకంటే గేమ్ మొత్తం ఆ తీరులోనే ఉంది. ఘోస్ట్ ఆఫ్ సుషిమాలో గాలి ఎటు వీస్తే అటు పోవాలి. బాణం గుర్తు లేదు, గడ్డి వంగుతుంది, అంతే.

పొదలకూరు_పిల్ల
మీరు ఎక్కడెక్కడికో పోతున్నారు. మన ఊళ్ళో గడపలకు పసుపు రాసే ఉంటుంది కదా! లోపలికి పోగలిగే ఇంటికి పసుపు రాసిన గడప, కుంకం బొట్లు పెట్టండి. పోలేని ఇంటికి తాళం, ముందర ఎండుటాకులు పెట్టండి. ఎవడూ ఏమీ అనడు.

గడపపసుపు
నా హ్యాండిల్ పేరు పెట్టుకుని నాకే తట్టలేదు చూడండి.

కావలి_కోడర్
@పొదలకూరు_పిల్ల ఇది రేపే పెడుతున్నాం. మీ పేరు క్రెడిట్స్‌లో వేస్తాం అక్కా.

ఎరుపూపచ్చా_ఒకటే
నాకు ఎరుపు, పచ్చ సరిగా తేడా తెలీదు, పుట్టుకతోనే. మామిడిపండు కొనేటప్పుడు వాసన చూసి కొంటా. పచ్చ గడ్డిలో ఎర్ర చొక్కా శత్రువు ఉంటే నా వరకు వాడు దేవుడే, కనపడడు. అందుకే ఎర్ర దారి, పసుపు నిచ్చెన గొడవలో నాదొక్కటే మాట. రంగుతో పాటు ఆకారం కూడా మార్చండి. పైన కేతిగాడు అన్న చెప్పిన నీడ సంగతి మీకు అందం, నాకు అవసరం. లింబో 2010లో వచ్చింది, మొత్తం నలుపూ తెలుపే. నా జీవితంలో అందరితో సమానంగా చూసిన గేమ్ అది.

చీమకుర్తి_నల్లరాయి
ఎవరికైనా గ్రానైట్ టెక్స్చర్ కావాలంటే చెప్పండి. మా బ్లాక్ గెలాక్సీ రాయి, నల్లటి రాయిలో బంగారు చుక్కలు. ఒకసారి ఫోటో తీసి పంపితే "నాయిస్ ఉంది, ఫోటోలో చుక్కలు పడ్డాయి, మళ్ళీ తీయి" అన్నాడు. అది రాయిరా నాయనా.

గుంటకాడ_రాత్రి
నేను గేమ్‌లు తక్కువ ఆడతా. రొయ్యల గుంటల దగ్గర రాత్రి డ్యూటీ. మీ గేమ్ తెల్లారుజామునే కదా, ఆ టైంలో మేలుకుని ఉండేది నేనే కాబట్టి రాస్తున్నా.

మూడో బొమ్మలో ఆకాశం ఊదారంగులో నక్షత్రాలతో ఉంది. నాలుగింటికి మా దగ్గర ఆకాశం కనిపించదు. గట్టు మీద బల్బు ఉంటుంది, దాని చుట్టూ పురుగులు, ఆ వెలుతురు దాటితే నలుపే. నీళ్ళకు గాలి పట్టించే ఏరేటర్లు తిరుగుతుంటే నీళ్ళు తెల్లగా లేచి పడతాయి, ఆ తెలుపు ఒక్కటే దూరానికి కనపడేది. నీళ్ళు నీలం కాదు, పాచి కలిసిన కాఫీ రంగు. రొయ్యలు మేత తిన్నాయో లేదో చూసే చెక్‌ట్రే పైకి లాగి టార్చి కొడితే రొయ్యల కళ్ళు నిప్పురవ్వల్లా మెరుస్తాయి. నీళ్ళలో కొట్టినా అంతే, అడుగునంతా ఎర్రటి చుక్కలు.

సముద్రం వైపు చూస్తే సముద్రం ఉండదు. చప్పుడు ఉంటుంది. పడవ లైటు ఒకటి పైకీ కిందకీ ఊగుతుంటే అప్పుడు తెలుస్తుంది అక్కడ నీళ్ళున్నాయని.

బొమ్మలగది
పదకొండేళ్ళలో ఇంత మంచి కలర్ స్క్రిప్ట్, అంటే ఎక్కడ ఏ రంగు వాడాలో చెప్పే చిట్టా, నాకెవరూ ఇవ్వలేదు. కోడరూ, ఇది ప్రింట్ తీసి గోడకు అంటించు. నలుపు, బల్బు పసుపు, ఏరేటర్ తెలుపు, రొయ్య కంటి ఎరుపు. నాలుగు రంగులు చాలు మొదటి లెవెల్‌కు.

ఫ్రేమ్‌రేటు_ఫకీరు
లాప్‌టాప్ సమస్య కూడా తీరిపోయింది గమనించారా? కనపడని సముద్రాన్ని లాప్‌టాప్‌తో గీయించక్కర్లేదు. సైలెంట్ హిల్ 1999లో చేసింది ఇదే. ప్లేస్టేషన్‌కు దూరం చూపించే సత్తువ లేదు, అందుకని ఊరంతా పొగమంచు నింపారు. జనం ఆ మంచుకే జడుసుకున్నారు. తిరగబడిన కథ కూడా ఉంది. జీటీఏ శాన్ ఆండ్రియాస్ పాత గేమ్‌లో దూరాన మసక ఉండేది. 2021లో కొత్తగా చేసినప్పుడు ఆ మసక తీసేశారు. కొండెక్కితే రాష్ట్రం మొత్తం అరచేతిలో బొమ్మలాగా కనిపించి, ఇంత చిన్నదా మనం ఆడింది అనిపించింది. జనం తిట్టిన తిట్లకు తర్వాత మళ్ళీ మంచు పెట్టారు.

ఒంగోలుగిత్త99
సరే, మెజారిటీ అటే ఉంది. నేను మాత్రం 4కే పార్టీయే. కానీ ఒక సంగతి ఒప్పుకుంటా. మా చెల్లి నేను ఆడే పెద్ద గేమ్‌ల వైపు తల కూడా తిప్పదు. కప్‌హెడ్ పెట్టిన రోజు మాత్రం అన్నం కంచం పట్టుకుని వచ్చి కూర్చుంది. కాగితం మీద పెన్సిల్‌తో ఒక్కొక్క బొమ్మా గీసి చేశారంటే నమ్మలేదు. "ఇన్ని గీశాక చెయ్యి ఉంటుందా" అంది.

కాసెట్_కాలం
అది చేసిన అన్నదమ్ములు ఇళ్ళు కూడా తాకట్టు పెట్టారంట. కోడరూ, ఆ పార్ట్ మాత్రం ఫాలో అవ్వొద్దు.

కావలి_కోడర్
మూడు వారాలైంది, అప్‌డేట్ ఇస్తున్నా.

ఒడ్డు మొత్తం పీకేశాం. కొనుక్కున్న కొబ్బరి చెట్లు పోయాయి, 1,400 రూపాయలు గంగపాలు. గీయడం వచ్చిన మావాడొకడు రెండు ఆదివారాలు ఒడ్డున కూర్చుని పడవలు, తాటిచెట్లు పుస్తకంలో గీసుకొచ్చాడు. వాటినే స్కాన్ చేసి పెట్టాం. నాలుగు రంగులు. చీకటి ఎక్కువ. కుర్రాడు దూరం నుంచి కూడా తెలిసేట్టు వెనక ఐసు పెట్టెలు ఆకాశమంత ఎత్తు పేర్చాం, పై పెట్టె ఊగుతూ ఉంటుంది. గడపలకు పసుపు రాశాం. లాప్‌టాప్ ఇప్పుడు ఫ్యాన్ లాగా అరుస్తోంది.

మామకు మళ్ళీ చూపించా. ఈసారి గోవా అనలేదు. ముందుకు వంగి స్క్రీన్ మీద వేలు పెట్టి మొదలుపెట్టాడు. "పడవ మీద నంబరేది? వల అట్లా కుప్పేస్తే మళ్ళీ విడదీసేది నీ తాతా? తూర్పుగాలి వీస్తుంటే ఈ జెండా అటెట్టా ఎగురుతుంది రా?" గంటన్నర. అత్త అన్నానికి పిలిచినా లేవలేదు. పదిహేడు తప్పులు రాసుకున్నా.

చేపలపులుసు_ఫస్ట్
ఆయనకు టెస్టర్‌గా జీతం ఇవ్వండి.

కావలి_కోడర్
అడిగా. ఒక పెట్టె ఐసు చాలన్నాడు.

ఎరుపూపచ్చా_ఒకటే
ఆ రొయ్య కళ్ళ ఎరుపు నాకు కనపడేలా మిణుకుమనిపించండి, మర్చిపోవద్దు.

కావలి_కోడర్
పద్దెనిమిదోదిగా రాసుకున్నా అన్నా.